పంప్‌హౌస్ లాగ్ బుక్: ఒక మున్సిపల్ వేతన వివాదం నడిచిన తీరు

కోస్తాలోని ఒక మున్సిపాలిటీ వాటర్ వర్క్స్ కార్మికుల తరఫున 2017 నుంచి నేను నడిపిన కేసు ఇది. పట్టణం పేరు, యూనియన్ పేరు రాయడం లేదు. మనుషులను గుర్తుపట్టే వివరాలు తీసేశాను, అంకెలు కూడా అక్కడక్కడ కొంచెం మార్చాను. కేసు నడిచిన క్రమం, మేం చేసిన పొరపాట్లు మాత్రం ఉన్నవి ఉన్నట్టే రాస్తున్నాను. కార్మికుల కేసులు కొత్తగా చేపడుతున్న లాయర్లు, యూనియన్ కార్యదర్శులు దీన్ని చదవాలని నా కోరిక. ‘సమాన పనికి సమాన వేతనం’ అని బ్యానర్ మీద రాసినంత తేలిగ్గా పిటిషన్‌లోనూ రాసేస్తుంటాం. ఆ అలవాటు నాకు ఈ కేసుతోనే పోయింది.

వాళ్లెవరు, ఎలా వచ్చారు

మొత్తం 31 మంది. 14 మంది పంప్ ఆపరేటర్లు, ఐదుగురు ఫిట్టర్లు, ఎలక్ట్రీషియన్లు, మిగిలిన 12 మంది వీధుల్లో వాల్వులు తిప్పి నీళ్లు వదిలే టర్న్‌కాక్‌లు. కాలువ నీళ్లు సమ్మర్ స్టోరేజ్ ట్యాంకుకి వస్తాయి, అక్కడి నుంచి ఫిల్టర్ బెడ్లకి, పంప్‌హౌస్ నుంచి ఓవర్‌హెడ్ ట్యాంకులకి. ఈ దారిలో ప్రతి చోటా వీళ్లలో ఒకరు ఉంటారు. పక్కనే అదే పని చేసే రెగ్యులర్ ఉద్యోగి కూడా ఉంటాడు. ఆ రెగ్యులర్ వాళ్లు ఏటా తగ్గిపోతున్నారు. రిటైరైన వాళ్ల పోస్టులు నింపడం మానేసి చాలా కాలమైంది.

ఈ పరిస్థితికి ఒక చరిత్ర ఉంది. ఒకప్పుడు మున్సిపాలిటీలే నేరుగా ఎన్ఎంఆర్ మస్టర్ (రోజుకూలీల హాజరు పట్టీ) మీద మనుషులను పెట్టుకునేవి. 1994లో వచ్చిన 2వ నంబరు చట్టం రోజుకూలీ నియామకాలను ఆపేసింది. అదే ఏడాది ఏప్రిల్‌లో వచ్చిన జీవో 212 ప్రకారం 1993 నవంబరు 25 నాటికి ఐదేళ్ల సర్వీసు నిండిన వాళ్లకే రెగ్యులర్ అయ్యే అవకాశం. మా 31 మందిలో అందరికన్నా పెద్దాయన 1989 ఫిబ్రవరిలో మస్టర్ ఎక్కాడు. ఆ తేదీ నాటికి ఆయన సర్వీసు నాలుగేళ్ల తొమ్మిది నెలలు. ఆ మూడు నెలల తేడాతో ఆయనను మస్టర్ నుంచి తీసి కాంట్రాక్టర్ కింద వేశారు. పంపు అదే, షిఫ్టు అదే. మిగిలిన వాళ్లంతా ఆ తర్వాత కాంట్రాక్టర్ల ద్వారానే వచ్చారు. కాంట్రాక్టర్ రెండేళ్లకో మూడేళ్లకో మారతాడు. వీళ్లు మారరు.

ఏం కావాలని వచ్చారు

2016 అక్టోబరు 26న జగ్జీత్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు తీర్పు వచ్చింది. రెగ్యులర్ ఉద్యోగి చేసే పనే చేస్తున్న తాత్కాలిక ఉద్యోగికి ఆ పోస్టు స్కేలులో కనీస వేతనం ఇవ్వాలని అందులో చెప్పారు. పేపర్లో వచ్చిన ఆ వార్తను లామినేషన్ చేయించి మరీ మా ఆఫీసుకు తెచ్చారు. ఔట్‌సోర్సింగ్ వాళ్ల జీతాలను మూడు కేటగిరీలుగా ఖరారు చేసిన ప్రభుత్వ ఉత్తర్వు జీవో 151. అప్పటికి వాళ్ల జీతం దాని ప్రకారం మూడో కేటగిరీలో 12,000. అందులో పీఎఫ్ 1,440, ఈఎస్ఐ 210 పోగా చేతికి 10,350. వాళ్ల పక్క కుర్చీలో కూర్చునే సీనియర్ రెగ్యులర్ ఆపరేటర్‌కి దానికి మూడింతలు పైనే వచ్చేది.

నా దగ్గరికి రాకముందే వాళ్లు ఒక దెబ్బ తిన్నారు. ఇంకో లాయర్ లేబర్ కోర్టులో పారిశ్రామిక వివాదాల చట్టం 33సి(2) కింద పిటిషన్ వేశారు. రెగ్యులర్ జీతానికీ తమ జీతానికీ ఉన్న తేడా బకాయి ఇప్పించమన్నారు. అది కొట్టేశారు. కొట్టేయక తప్పదు కూడా. ఢిల్లీ మునిసిపల్ కార్పొరేషన్ వర్సెస్ గణేశ్ రజాక్ కేసులో రోజుకూలీలు సరిగ్గా ఇలాగే అడిగితే సుప్రీంకోర్టు కుదరదంది. 33సి(2) అనేది అప్పటికే ఖాయమైన హక్కును డబ్బులోకి లెక్కకట్టే చోటు. సమానత్వం ఉందో లేదో తేల్చే చోటు కాదు. ఆ చట్టం ఉన్నన్నాళ్లూ చాలామంది త్వరగా తేలుతుందని ఈ సెక్షన్ కిందికే వెళ్తుండేవాళ్లు. నిజంగానే త్వరగా తేలేది, కానీ మనకు వ్యతిరేకంగా. పైగా ఒకసారి ఓడిపోయాక ఎదుటి పక్షం కోర్టుకిచ్చే ప్రతి జవాబు (కౌంటర్)లోనూ ‘ఇప్పటికే తిరస్కరించారు’ అని మొదటి పేరాలో రాస్తుంది.

నా మొదటి నిర్ణయం, అది ఎందుకు తప్పు

నేను హైకోర్టుకు వెళ్లాను. అప్పటికి కోర్టు ఇంకా హైదరాబాద్‌లోనే ఉంది. తీర్పు తాజాగా ఉంది, మున్సిపాలిటీ రాజ్యాంగం ఆర్టికల్ 12 ప్రకారం ‘రాజ్యం’ (ప్రభుత్వ సంస్థ) కిందికే వస్తుంది, కాబట్టి హక్కుల కోసం నేరుగా హైకోర్టులో వేసే రిట్ పిటిషన్ వేస్తే నేరుగా ఆదేశం వస్తుందని లెక్క వేసుకున్నాను. ఒక విషయాన్ని తక్కువ అంచనా వేశాను. జగ్జీత్ సింగ్ కేసులో వాళ్లు ప్రభుత్వమే నేరుగా పెట్టుకున్న తాత్కాలిక ఉద్యోగులు. మా వాళ్లకు మధ్యలో కాంట్రాక్టర్ ఉన్నాడు.

మున్సిపాలిటీ కౌంటర్ మూడు పేజీలే. వీళ్లు మా ఉద్యోగులు కారు, కాంట్రాక్టర్ మనుషులు. వీళ్లు చేసేది సహాయకుల పని. వీళ్లకూ మాకూ ఎలాంటి ఒప్పందం లేదు. పని ఒకటేనా కాదా అన్నది సాక్ష్యాలతో తేలాల్సిన విషయమని, రిట్‌లో తేల్చలేమని కోర్టు అంది. వినతిపత్రాన్ని పరిశీలించి తగిన నిర్ణయం తీసుకోమని చెప్పి ముగించింది. ఆ తర్వాత ఏమవుతుందో ఈ వృత్తిలో ఉన్న అందరికీ తెలుసు. నెల తిరిగేసరికి మున్సిపల్ కమిషనర్ ఆఫీసు నుంచి ఒక పేజీ తిరస్కరణ వచ్చింది.

ఏడాది పోయింది. కార్మికులు నన్ను ఒక్క మాట అనలేదు. అదే నన్ను ఎక్కువ బాధపెట్టింది.

ఆ వేసవిలో యూనియన్ సమ్మె నోటీసు ఇస్తామంది. నేను వద్దనలేదు. ఒక్కటే చెప్పాను. నీటి సరఫరా పబ్లిక్ యుటిలిటీ సర్వీసు. 14 రోజుల నోటీసు లేకుండా ఆపితే అది అక్రమ సమ్మె, రాజీ చర్చలు నడుస్తుండగా ఆపినా అంతే. నోటీసు ఇచ్చారు. చట్టప్రకారం అసిస్టెంట్ లేబర్ కమిషనర్ రాజీ చర్చలు మొదలుపెట్టారు. అసలు సమ్మె జరగనే లేదు. ఏప్రిల్ నెలలో నీళ్లు ఆగితే ముందు ఇబ్బందిపడేది కుళాయి దగ్గర బిందెలతో నిలబడే వాళ్లేనని, అందులో తమ ఇళ్లు కూడా ఉన్నాయని కార్మికులే అన్నారు. నోటీసు వల్ల మాకు దక్కింది ఒక బల్ల. దానికి అటువైపు మున్సిపల్ కమిషనర్, కాంట్రాక్టర్, ఇటువైపు మేం.

లెక్క వేసి చూస్తే

మొదటి సమావేశానికి ముందు రాత్రి నేను చేయాల్సిన పని చేశాను. ఏడాది ముందే చేయాల్సింది. గెలిస్తే ఎంత వస్తుందో మనిషి మనిషికీ లెక్క వేశాను.

2015 పీఆర్సీ (ప్రభుత్వ ఉద్యోగుల వేతన సవరణ)లో అట్టడుగు స్కేలు 13,000 నుంచి 40,270. జగ్జీత్ సింగ్ తీర్పు ఇచ్చేది స్కేలులో కనీసం. ఇంక్రిమెంట్లు ఉండవు. కరువు భత్యం (డీఏ) మాట పిటిషన్‌లో లేకపోతే ఎదుటి పక్షం ఒట్టి మూలవేతనం మీదే వాదిస్తుంది. అంటే టర్న్‌కాక్ కేసు పూర్తిగా గెలిచినా, డీఏ గురించి అడగకపోతే 12,000 కాస్తా 13,000 అవుతుంది. వెయ్యి రూపాయల కోసం సుప్రీంకోర్టు దాకా నడవాలి. అదే జీవో 151లో రెండో కేటగిరీ 15,000, మొదటి కేటగిరీ 17,500. రాత్రంతా ఒక్కడే కూర్చుని మోటార్ల ఆంపియర్లు చూస్తూ, క్లోరిన్ మోతాదు సరిచేస్తూ ఉండే మనిషిని ఆఫీసులో ఫైళ్లు మోసే పనితో సమానంగా మూడో కేటగిరీలో వేశారు. ఈ తప్పు ఎన్నేళ్లుగానో మా కళ్ల ముందే ఉంది. రెగ్యులర్ ఉద్యోగులతో పోల్చుకునే తొందరలో మేం దాన్ని చూడలేదు.

అప్పటి నుంచి డిమాండ్‌ను రెండుగా విడదీశాను. ఒకటి, ఉన్న జీవోలోనే సరైన కేటగిరీ. రెండు, రెగ్యులర్ వాళ్లతో సమానత. మొదటిదానికి కాంట్రాక్టర్ అసలా నకిలీయా అనే గొడవే అక్కర్లేదు. వాళ్లు కాంట్రాక్టర్ మనుషులే అనుకున్నా కేటగిరీ తప్పు తప్పే. ఇంకో సంగతి కూడా ఉంది. కొత్త పోస్టులు, స్కేళ్లు ఇవ్వడం మున్సిపల్ కమిషనర్ చేతిలో లేదు. ఆయన ఎంత మంచివారైనా రెగ్యులర్ స్కేలు ఇస్తానని సంతకం పెట్టలేరు. కానీ వచ్చే ఏడాది టెండర్ ఎస్టిమేట్‌లో పంప్ ఆపరేటర్ రేటు ఏ కేటగిరీలో చూపాలో ఆయన ప్రతిపాదించగలరు, కౌన్సిల్‌లో తీర్మానం పెట్టించగలరు, పైకి పంపి అనుమతి తెప్పించగలరు. బల్లకు అవతల ఉన్న మనిషి ఏ కాగితం మీద సంతకం పెట్టగలడో ఆ కాగితమే ముందు అడగాలి.

యూనియన్ లోపల దీని మీద పెద్ద చర్చే జరిగింది. కొందరు యువకులు ‘మూడు వేలకు అమ్ముడుపోతున్నామా లాయర్ గారూ’ అని సూటిగానే అడిగారు. సమానత డిమాండ్‌ను వదులుకోవడం లేదని ఒప్పందంలోనే రాయిస్తానని మాటిచ్చాను, రాయించాను. ఐదు నెలలకు రాజీ చర్చల్లోనే పారిశ్రామిక వివాదాల చట్టం 12(3) కింద సెటిల్‌మెంట్ అయింది. 14 మంది ఆపరేటర్లు, ఐదుగురు ఫిట్టర్లు, ఎలక్ట్రీషియన్లు రెండో కేటగిరీకి వెళ్లారు. టర్న్‌కాక్‌లకు ఏమీ రాలేదు. ఆ రోజు వాళ్లు బయట వేపచెట్టు కింద కూర్చుని ఉన్నారు. లోపల సంతకాలయ్యాక వాళ్ల దగ్గరికి వెళ్లి చెప్పడం నా పనే అనుకుని నేనే వెళ్లి చెప్పాను.

లాగ్ బుక్

రెండో డిమాండ్‌కు కాంట్రాక్ట్ లేబర్ నిబంధనల్లోని 25(2)(5)(ఎ)ని ఎంచుకున్నాను. కాంట్రాక్టర్ మనిషి, అసలు యజమాని నేరుగా పెట్టుకున్న మనిషి ఒకే రకమైన పని చేస్తుంటే వేతన రేట్లు, సెలవులు, పనివేళలు అన్నీ సమానంగా ఉండాలని ఆ నిబంధన చెప్పేది. పని ఒకటేనా కాదా అన్న తగాదా వస్తే కార్మిక శాఖ తేల్చేది. దీనిలో మంచి ఏమిటంటే ‘కాంట్రాక్టర్ ఉన్నాడు కదా’ అన్న జవాబు ఇక్కడ పనిచేయదు. ఈ నిబంధన పుట్టిందే కాంట్రాక్టర్ ఉన్న చోటు కోసం. కాంట్రాక్టర్ చెల్లించకపోతే అసలు యజమానే చెల్లించాలని కాంట్రాక్ట్ లేబర్ చట్టం 21(4) చెప్పేది. కాంట్రాక్టే బూటకమని వాదించి రెగ్యులరైజేషన్ అడిగే దారి కూడా ఉంది. తాత్కాలిక ఉద్యోగులు రెగ్యులరైజేషన్‌ను హక్కుగా అడగలేరన్న సుప్రీంకోర్టు ఉమాదేవి తీర్పు తర్వాత ఆ దారి ఎంత పొడుగో అందరికీ తెలుసు. పెద్దాయనకు అప్పటికే 59 ఏళ్లు. ఆయనకు అంత సమయం లేదు.

రుజువు చేసే భారం మాదే. హోదా పేరు ఒకటైతే చాలదని, పని స్వభావం, బాధ్యత కూడా ఒకటే కావాలని జగ్జీత్ సింగ్ తీర్పే చెప్పింది. మా దగ్గర నియామక పత్రాల్లేవు, గుర్తింపు కార్డుల్లేవు. ఉన్నదల్లా పంప్‌హౌస్‌లో బల్ల మీద ఉండే లాగ్ బుక్. గంట గంటకూ ఓల్టేజీ, ఆంపియర్లు, సంపు లెవెల్, బ్యాక్‌వాష్ చేసిన టైము, పటిక, క్లోరిన్ ఎంత వేశారు, మోటారు ఎప్పుడు ఆగింది, ఎందుకు ఆగింది. షిఫ్టు చివర సంతకం. నన్ను అక్కడికి తీసుకెళ్లి చూపించింది ఆ పెద్దాయనే.

మున్సిపాలిటీ దాన్ని ఇవ్వనంది. సమాచార హక్కు చట్టం కింద ఒక కార్మికుడి చేత దరఖాస్తు పెట్టించాం. 18 నెలల పేజీలు, సర్టిఫైడ్ కాపీలు వచ్చాయి. మా జూనియర్లు ఇద్దరు మూడు వారాలు కూర్చుని ఒక పట్టిక తయారుచేశారు. ఏ తేదీ, ఏ షిఫ్టు, సంతకం ఎవరిది, రెగ్యులరా కాంట్రాక్టా. ఆ 18 నెలల రాత్రి షిఫ్టుల్లో మూడొంతులకు పైగా కాంట్రాక్టు ఆపరేటర్ ఒక్కడే సంతకం చేశాడు. సహాయకుడు అంటే ఎవరికి సహాయకుడు? ఆ రాత్రుల్లో అక్కడ ఇంకెవరూ లేరు.

ఇక్కడ ఒక చిక్కు వచ్చింది. చాలా సంతకాలు ఒట్టి పొట్టి సంతకాలు. ఒక అక్షరం, కింద ఒక గీత. ఇది ఎవరిదో ఎలా చెబుతారని మున్సిపాలిటీ తరఫు లాయర్ (స్టాండింగ్ కౌన్సెల్) అభ్యంతరం చెప్పారు. న్యాయమైన అభ్యంతరమే. కాంట్రాక్టర్ మస్టర్ తెప్పించి తేదీ తేదీకీ సరిపోల్చాల్సి వచ్చింది. దానికే రెండు వాయిదాలు పోయాయి. కొన్ని పేజీలు తేలక వదిలేశాం.

విచారణను మలుపు తిప్పింది మాత్రం ఒక మెమో. రెండేళ్ల కిందట ఒక రాత్రి మోటారు వైండింగ్ కాలిపోయింది. అసిస్టెంట్ ఇంజినీర్ సంతకంతో, మున్సిపాలిటీ లెటర్‌హెడ్ మీద, నేరుగా ఒక కాంట్రాక్టు ఆపరేటర్ పేరుతో మెమో ఇచ్చారు. డ్యూటీలో నిర్లక్ష్యానికి మూడు రోజుల్లో సంజాయిషీ ఇవ్వాలని. ఆ కుర్రాడు దాన్ని భయంతో రేకు పెట్టెలో దాచుకున్నాడు. ఇది బయటపెడితే ఉద్యోగం పోతుందేమోనని నాకు చూపించడానికే ఏడాది పట్టింది. నేను ఏఈ గారిని ఒక్క ప్రశ్నే అడిగాను. మోటారు బాధ్యత సహాయకుడిదైతే ఆ రాత్రి ఆపరేటర్ ఎవరు? ఆయన కాసేపు ఆగి, ‘అతనే డ్యూటీలో ఉన్నాడు’ అన్నారు. ఆయన అబద్ధం చెప్పే మనిషి కాదు. బయటికి వచ్చాక, వీళ్లు లేకపోతే ఊరికి నీళ్లే లేవని నాతో అన్నారు కూడా. కౌంటర్‌లో ఆ మాట రాసే అధికారం ఆయనకు లేదు.

టర్న్‌కాక్‌ల విషయంలో మేం ఓడిపోయాం. రెగ్యులర్ టర్న్‌కాక్‌లు వాల్వులు తిప్పడంతో పాటు కొత్త కనెక్షన్ల తనిఖీకి వెళ్తారు, ఫిర్యాదుల రిజిస్టర్ రాస్తారు. మా వాళ్లు చాలా చోట్ల వాల్వులే తిప్పేవాళ్లు. నలుగురు మాత్రం ఫిర్యాదుల రిజిస్టర్ కూడా రాసేవాళ్లు. ఆ నలుగురినీ విడిగా చూపించి ఉంటే ఫలితం వేరేగా ఉండేదని నా నమ్మకం. 12 మందినీ ఒకే కట్టలో కట్టి పెట్టాను. అధికారి కట్ట మొత్తాన్ని పక్కన పెట్టారు. ఆ తప్పు నాది.

ఏం వచ్చింది, ఏం నిలిచింది

2019 మధ్యలో ఆర్డర్ వచ్చింది. 14 మంది పంప్ ఆపరేటర్ల పని రెగ్యులర్ ఆపరేటర్ల పనితో సమానమని, దరఖాస్తు తేదీ నుంచి స్కేలు మొదటి మెట్టు, దానిపై డీఏ ఇవ్వాలని. మున్సిపాలిటీ హైకోర్టుకు వెళ్లింది. సగం బకాయి కడితేనే స్టే అన్నారు, కట్టారు. ఆ కేసు నడుస్తుండగానే 2020 జులైలో ఆప్కాస్ వచ్చింది. ఔట్‌సోర్సింగ్ కార్మికులంతా కాంట్రాక్టర్ల చేతి నుంచి ఆ ప్రభుత్వ కార్పొరేషన్ కిందికి మారారు. దళారీ పోయినందుకు కార్మికులు నిజంగానే సంతోషించారు. నెల నెలా జీతం ఖాతాలో పడటం చిన్న విషయం కాదు. కానీ మా ఆర్డర్ పాత కాంట్రాక్టర్ మీద, పాత ఏర్పాటు మీద వచ్చింది. కొత్త ఏర్పాటులో జీతం మళ్లీ జీవో కేటగిరీ ప్రకారమే. సమానత ఆర్డర్ నుంచి చివరికి చేతికి వచ్చింది బకాయి డబ్బు మాత్రమే.

కేటగిరీ మాత్రం నిలిచింది. 2022 జనవరిలో వేతనాలు సవరించినప్పుడు మూడో కేటగిరీ 12,000 నుంచి 15,000 అయింది, రెండో కేటగిరీ 15,000 నుంచి 18,500. మూడు వేల తేడా కాస్తా మూడున్నర వేలైంది. దానికోసం ఎవరూ మళ్లీ కోర్టు మెట్లు ఎక్కలేదు. ‘మూడు వేలకు అమ్ముడుపోతున్నామా’ అని నన్ను అడిగిన కుర్రాడికి ఇప్పుడు వచ్చేది ఆ రెండో కేటగిరీ జీతమే. తర్వాత 2023 డిసెంబరు చివర్లో రాష్ట్రమంతా మున్సిపల్ కార్మికులు సమాన పనికి సమాన వేతనం కోసం సమ్మెకు దిగినప్పుడు, అతను టెంట్ కింద కూర్చుని తోటివాళ్లకు కేటగిరీల లెక్క చెబుతుండగా చూశాను.

ఒక సాంకేతిక మాట. నేను పైన చెప్పిన సెక్షన్లన్నీ పాత చట్టాలవి. 2025 నవంబరు 21 నుంచి కొత్త లేబర్ కోడ్‌లు అమల్లోకి వచ్చాయి. ఇవాళ కేసు వేసేవాళ్లు సెక్షన్ల నంబర్లు ఇక్కడి నుంచి ఎత్తి రాయకూడదు. ఏ పని ఎవరి పనితో పోలుస్తున్నామో, గెలిస్తే నెలకు ఎంత వస్తుందో, దానికి కాగితం ఎక్కడుందో, ఈ మూడూ మాత్రం ఏ చట్టంలోనైనా మొదటి రోజే అడగాల్సిన ప్రశ్నలు. నేను రెండో ఏడాదిలో అడిగాను.

పెద్దాయన

ఆయనకు 2019 మార్చిలో 60 నిండాయి. మా ఆర్డర్ రావడానికి కొన్ని నెలల ముందు. దండ వేసి పంపించారు. పింఛను లేదు, సెలవుల డబ్బు లేదు. గ్రాట్యుటీ చట్టం కింద దరఖాస్తు వేశాం. 1989 నాటి ఎన్ఎంఆర్ మస్టర్ కాపీ, ఆ తర్వాత కాంట్రాక్టర్లు మారినా మారని లాగ్ బుక్ సంతకాలు. 30 ఏళ్లు ఒకే పంప్‌హౌస్‌లో ఉన్నాడని చూపించడానికి ఇంతకన్నా పెద్ద సాక్ష్యం అక్కర్లేకపోయింది. సమానత వేతనం మీద లెక్క కట్టమని అడగొచ్చు. కానీ ఆ ఆర్డర్ హైకోర్టులో ఉంది, దానితో ముడిపెడితే ఇదీ అక్కడే ఆగుతుంది. అందుకే చివరి జీతం 15,000 మీదే అడిగాను. ఏడాదికి 15 రోజుల జీతం, నెలకు 26 రోజుల చొప్పున, 30 ఏళ్లకు 2,59,615. కేటగిరీ మారకపోయి ఉంటే 2,07,692 అయ్యేది.

2021లో చెక్కు తీసుకోవడానికి ఆఫీసుకు వచ్చాడు. నేను లెక్క రాసి చూపించిన కాగితాన్ని మడిచి జేబులో పెట్టుకున్నాడు. ఇప్పుడు లాగ్ బుక్ ఎవరు రాస్తున్నారు బాబాయ్ అని అడిగాను.

‘మన కుర్రాళ్లే రాస్తున్నారు లాయర్ గారూ. పొట్టి సంతకం పెట్టొద్దని, పక్కన పేరు కూడా పూర్తిగా రాయమని చెప్పొచ్చాను’ అన్నాడు.